ఆకాశాన్ని కాళ్ళతో నెట్టినవాడు

సెప్టెంబర్ 6, 2007

గ్రీసు దొరకలేదు. నార్వే వైపు దేవుళ్ళు కూడా అయిపోయారు. మిథాలజీ క్లాసులో మిసెస్ హోల్ట్ టోపీలో చీట్లు వేసి తిప్పితే నా చేతికి 'మావోరి' వచ్చింది. న్యూజిలాండ్ మూలవాసులు. అంతకు మించి ఒక్క ముక్క తెలియదు — సిగ్గనిపించింది. నవంబరులో క్లాసు ముందు నిలబడి చెప్పాలి. లైబ్రరీలో ఉన్న పుస్తకాలన్నీ తెచ్చేసుకున్నాను. కారులో వాటిని చూసి అమ్మ, "ఇవన్నీ చదువుతావా? కళ్ళు పోతాయే" అంది. అంటూనే ఒకటి తీసి అట్ట తుడిచింది.

ఇంటికి వచ్చేసరికి నాన్న పైన, గరాజ్ మీది బోనస్ రూమ్‌లో. తలుపు వేసి ఉంది. అమ్మ కింద.

సెప్టెంబర్ 9

మొదట ఏమీ లేదు. ఆ ఏమీ లేకపోవడానికే వాళ్ళకు బోలెడు పేర్లు. తర్వాత చీకటి. దానికి ఇంకా ఎక్కువ పేర్లు — పెద్ద చీకటి, పొడుగు చీకటి, తాకి చూడదగ్గ చీకటి... ఎంత బాగుంది! తెలుగులో రాసుకుంటున్నాను. ఇంగ్లీషులోకి తర్వాత మార్చుకోవచ్చు. నాకు మాట ముందు తెలుగులోనే దొరుకుతుంది.

కటిక చీకటికీ చిమ్మచీకటికీ తేడా ఏమిటని అమ్మనడిగాను. బియ్యం కడుగుతోంది. "కటిక చీకటంటే కన్ను పొడుచుకున్నా కానరానిది. చిమ్మచీకటంటే..." ఆగిపోయింది. అమెరికా రాకముందు బెజవాడలో ఇంటర్ పిల్లలకు జువాలజీ చెప్పిన మనిషి. ఏదడిగినా వెంటనే చెప్పేది. "తర్వాత చెప్తాలే" అని కుళాయి కట్టేసింది.

సెప్టెంబర్ 14

"మీ నాన్నకి చెప్పు, పాలు అయిపోయాయని."

నాన్న అక్కడే ఉన్నాడు. ఫ్రిజ్ పక్కన.

"మీ అమ్మకి చెప్పు, ఆఫీస్ నుంచి వచ్చేటప్పుడు తెస్తానని."

బుజ్జి సీరియల్ గిన్నెలోంచి తలెత్తి, "ఐ యామ్ నాట్ ఎ ఫోన్, ఓకే?" అంది. పదకొండేళ్ళు దానికి. ఎవరూ నవ్వలేదు. రెండేళ్ళుగా ఇదే పద్ధతి. ఒకప్పుడు వాళ్ళు తిట్టుకునేవాళ్ళు. అదే నయం అనిపిస్తుంది ఇప్పుడు.

సెప్టెంబర్ 22

రంగి ఆకాశం, తండ్రి. పాపా నేల, తల్లి. ఇద్దరూ ఒకరినొకరు కావలించుకుని పడుకుని ఉన్నారు. వదలరు. మధ్యలో పిల్లలు — దేవుళ్ళే అందరూ — పక్కకి ఒత్తిగిలడానికి చోటు లేక, లేచి నిలబడటం అంటే ఏమిటో తెలియక, చీకట్లో, తల్లి వేడిలో. అలా ఎంత కాలమో.

బుజ్జికి చెప్పాను. "అమ్మ పేరు పాపా ఏంటి అక్కా, దట్స్ సో ఫన్నీ" అని మంచం మీద దొర్లి దొర్లి నవ్వింది. తర్వాత, "వాళ్ళు ఎందుకు వదలరు?"

"ప్రేమ."

"ఓ." దుప్పటి గడ్డం దాకా లాక్కుంది. "మరి మన ఇంట్లో ఎందుకు డార్క్‌గా ఉంటది?"

లైట్ తీసేయనా అని అడిగాను. వద్దంది.

సెప్టెంబర్ 30

సాయంత్రం పొద్దుగూకాక పెరటి మెట్ల మీద కుండీలో కరివేపాకు కోయబోయాను. అమ్మ లోపల్నుంచి — "ఆగు! దీపాలు పెట్టే వేళ దాటాక చెట్టు మీద చెయ్యి వేస్తారా? నిద్రపోతుంది అది." చారు కరివేపాకు లేకుండానే పెట్టింది.

మావోరి కథల్లో అడవులన్నీ 'తానే' అని పేరున్న దేవుడివట. పక్షులూ ఆయన పిల్లలే. అడగకుండా చెట్టు కొట్టిన ఒకడి కథ ఉంది. తెల్లారి వచ్చి చూస్తే చెట్టు మళ్ళీ నిలబడి ఉంది — పురుగులు, పిట్టలు చేరి ఒక్కో చెక్కముక్కనీ తిరిగి అతికించాయి. ఇప్పటికీ అక్కడ చెట్టు కొట్టేముందు మంత్రం చదివి అడిగేవాళ్ళున్నారని మిసెస్ హోల్ట్ చెప్పారు. "వీళ్ళు మ్యూజియం దేవుళ్ళు కారు కీర్తీ, జాగ్రత్తగా మాట్లాడు" అన్నారు. అమ్మకి చెప్పాను. ఆశ్చర్యపోలేదు. "అడక్కుండా ఎలా కొడతారు?" అంది, అంతే.

అక్టోబర్ 5

అన్నదమ్ములు చీకట్లో సభ పెట్టుకున్నారు. యుద్ధ దేవుడు టూ — తల్లిదండ్రుల్ని చంపేద్దాం అన్నాడు. తానే — వద్దు, విడదీద్దాం, ఆకాశం పైన ఉండనీ, నేల మనకి తల్లిగా దగ్గరుండనీ అన్నాడు. ఒక్కొక్కరూ ఒప్పుకున్నారు. ఒక్కడు తప్ప. తాఫిరి. గాలుల దేవుడు. వాళ్ళు ఇష్టంగా ఉంటే మనమెవరం అన్నాడు.

పంటల దేవుడు నెట్టాడు, కదల్లేదు. సముద్రం నెట్టింది, కదల్లేదు. తానే చేతులతో నెట్టి అలసిపోయి, చివరికి తలకిందులయ్యాడు. తలా భుజాలూ తల్లికి ఆనించి, కాళ్ళు తండ్రికి తన్నిపెట్టి — నెమ్మదిగా, చాలా నెమ్మదిగా నెట్టాడు. అంటే చెట్టు తలకిందుల మనిషి. వేళ్ళు దాని జుట్టు. కొమ్మలు కాళ్ళు. ఇక ఏ పైన్ చెట్టునీ మామూలుగా చూడలేను!

బుజ్జీ నేనూ కార్పెట్ మీద పడుకుని కాళ్ళు గోడకి ఆనించి నెట్టాం. మొహాల్లోకి రక్తం దిగి ఎర్రగా అయ్యాం. "కదుల్తోంది అక్కా, ఐ స్వేర్!" చాలా రోజులకి నవ్వు.

అక్టోబర్ 13

నవ్వినందుకు కాబోలు.

మధ్యాహ్నం అమ్మ ఇండియాకి ఫోన్ చేసి మాట్లాడుతుంటే నాన్న మెట్లు దిగి వచ్చి, "మన ఇంటి సంగతి ఊరందరికీ చెప్పాలా?" అన్నాడు. నేరుగా. అమ్మతో. చాలా నెలల తర్వాత.

"ఎవరితో చెప్పుకోను? ఐదేళ్ళ నుంచి ఈ గోడలతోనే మాట్లాడుతున్నా."

"ఉండమని నేను కాళ్ళు పట్టుకున్నానా?"

"వెళ్ళనిచ్చారా? గ్రీన్ కార్డ్ వచ్చాక, గ్రీన్ కార్డ్ వచ్చాక... ఊపిరి కూడా గ్రీన్ కార్డ్ వచ్చాకే పీల్చుకోవాలి ఈ ఇంట్లో!"

నిజమే. మా ఇంట్లో సోఫా కొనడం, తాతయ్యని చూడటం, అమ్మ ఉద్యోగం — అన్నీ 'వచ్చాకే'. విడిపోవడం కూడా ఆ వరుసలోనే ఉందని ఇవాళే తెలిసింది.

బుజ్జి నా గదిలోకి వచ్చి తలుపు మూసి, చెవుల్లో వేళ్ళు పెట్టుకుని ఏదో పాడుకుంది.

అక్టోబర్ 16

తానే అన్నదమ్ములతో ఏమని ఉంటాడు? ప్రెజెంటేషన్‌లో ఆ మాట నేను కల్పించి చెప్పాలి. రాసి కొట్టేసి, రాసి కొట్టేసి... చివరికి దొరికింది —

'వాళ్ళు పట్టుకుని ఉన్నది ఒకరినొకరు కాదు, మనల్ని. వదిలేస్తే మనం లేచి నిలబడతాం.'

పైకి చదువుకున్నాను. ఇది నేను రాసిన వాక్యమేనా? పడుకునేముందు మళ్ళీ చదువుకున్నాను.

కథలో అలా లేదు. కథలో వాళ్ళు ఒకరినొకరు పట్టుకునే ఉన్నారు. తెలుసు. అయినా కొట్టేయలేకపోతున్నాను.

అక్టోబర్ 20

ప్రసాద్ అంకుల్ వాళ్ళ రమ ఆంటీ ఫోన్. వచ్చే శనివారం వాళ్ళింట్లో అమ్మానాన్నల సంగతి 'కూర్చుని మాట్లాడతారట'. అమ్మ పట్టుచీర ఇస్త్రీ చేసుకుంటోంది. పంచాయితీకి పట్టుచీర!

అక్టోబర్ 27

ఇవాళ్టిది రాయాలి. వరసగా.

ప్రసాద్ అంకుల్ టీవీలో క్రికెట్ ఆపలేదు, సౌండ్ మాత్రం తీసేశారు. వాళ్ళది నల్గొండ. మేము వచ్చిన కొత్తలో అపార్ట్‌మెంట్ చూపించింది, నాన్నకి కారు నేర్పింది ఆయనే. అందుకే ఆయన పెద్దమనిషి. పేపర్ ప్లేట్లలో కారప్పూస, టీ. అమ్మ ఒక సోఫాలో, నాన్న ఇంకో సోఫాలో. మమ్మల్ని పైకి ఆడుకోమంటారనుకున్నా. అనలేదు.

"సంసారమన్నంక గివన్నీ ఉంటయమ్మా. మా ఇంట్ల లేవా? అడుగు మీ ఆంటీని."

"నన్నెందుకు లాగుతారు మధ్యల?" అని రమ ఆంటీ. అమ్మ కూడా కొంచెం నవ్వింది.

తర్వాత నాన్న మాట్లాడాడు. అమ్మ మాట్లాడింది. ఒకరు చెప్పేది ఇంకొకరు వినకుండా కార్పెట్ వైపు చూశారు. అంకుల్ చివరికి తేల్చేశారు — "గ్రీన్ కార్డ్ దగ్గరకొచ్చింది. గప్పటిదాంక ఓపిక పట్టుండ్రి. పిల్లల మొఖం చూసి. ఆ తర్వాత మీ ఇష్టం." అని, మంచి ముగింపు కోసం కాబోలు, మా వైపు తిరిగారు. "ఏం బిడ్డా బుజ్జీ, నువ్వేమంటవ్?"

"కలిసే ఉండాలి" అంది బుజ్జి. చిన్న గొంతుతో. తెలుగులో, తప్పు లేకుండా. ఆంటీ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

"పెద్దదానివి, నువ్వు జెప్పమ్మా."

నేను కూడా అదే చెప్పాలి. అందుకే కదా అడుగుతారు. ఏడవాలి, వాళ్ళు కరగాలి, టీ ఇంకొకసారి పోయాలి.

"మీరు పట్టుకుని ఉన్నది ఒకరినొకరు కాదు, మమ్మల్ని. వదిలేస్తే మేం లేచి నిలబడతాం."

టీవీలో ఎవడో అవుటయ్యాడు. చప్పుడు లేకుండా అందరూ ఎగురుతున్నారు.

"ఎంత మాటన్నావే!" అని ఆంటీ.

"పుస్తకాలు సదివి సదివి..." అని అంకుల్.

అమ్మ నా వైపు చూసిన చూపు — దానికి మాట దొరకడం లేదు. నాన్న నెమ్మదిగా లేచి నిలబడ్డాడు. "విన్నారుగా. అది చెప్పిందే నిజం" అన్నాడు. ఎంతో కాలంగా ఎవరైనా అనాలని చూస్తున్నట్టు.

అక్టోబర్ 28

బుజ్జి నాతో మాట్లాడటం లేదు.

అక్టోబర్ 29

నిజమని అన్నానా, వాక్యం బాగుందని అన్నానా?

నవంబర్ 3

డాలస్ పక్కన ఇర్వింగ్‌లో ప్రాజెక్ట్ ఉందట. నాన్న ముందు వద్దన్నాడట, ఇప్పుడు అడిగి తీసుకున్నాడు. అందరికీ చెప్పేది 'ప్రాజెక్ట్'. విడాకులు అనే మాట ఎవరూ అనలేదు. కాగితాల మీద అందరం కలిసే ఉంటాం, కార్డు వచ్చేదాకా. అంకుల్ ఫోన్‌లో, "మంచి ఉపాయం, పరువు పరువుంటది" అన్నారు.

భోజనాల దగ్గర నాన్న చెబుతుండగానే బుజ్జి — "ఐ యామ్ గోయింగ్ విత్ నాన్న."

అమ్మ చేతిలో గరిటె ఆగింది.

"స్కూల్ ఉంది కదమ్మా" అని నాన్న.

"టెక్సస్‌లో స్కూల్స్ ఉండవా?" ఇక నా వైపు తిరిగింది. వారం తర్వాత మొదటి మాట. "నువ్వు అమ్మ దగ్గర నించో. నీకు నించోవడం కావాలి కదా."

నవంబర్ 4

దాని గది తలుపు తట్టాను. "గో అవే." మళ్ళీ తట్టాను. "నీ మావోరీ వాళ్ళకి చెప్పుకో."

నవంబర్ 10

నిన్న దీపావళి. ఎవరూ మతాబు వెలిగించలేదు. ఇవాళ్టి నుంచి కార్తీకం. చీకటుండగానే లేచి అమ్మ అల్యూమినియం ట్రేలో నీళ్ళు పోసి, పెరటి మెట్ల మీద పెట్టి, అందులో దీపం వదిలింది. కృష్ణా నది లేదు కనక. గాలికి దీపం ట్రే అంచుకి పోయి కొట్టుకుంటోంది, మళ్ళీ మధ్యకి వస్తోంది. నేను అడ్డంగా కూర్చున్నాను.

తాఫిరి గురించి ఇవాళ మిగిలింది చదివాను. తల్లిదండ్రులు విడిపోయారని అతనికి ఎంత కోపమంటే, తండ్రితో పాటు ఆకాశానికి వెళ్ళిపోయాడు. అక్కడ గాలుల్నీ మబ్బుల్నీ కని, అన్నల మీదికి పంపాడు. ముందుగా తానే మీదికే. అడవులు విరిగి పడ్డాయి. ఆ గాలుల పేర్లు ఒక్కొక్కటే రాసి ఉన్నాయి. వాటికి తెలుగు పేర్లు వెతికాను — ఈదురుగాలి, సుడిగాలి, వడగాలి, హోరుగాలి... పిల్లగాలి అని రాసి ఆగిపోయాను.

ఇంకొక కథలో అతను ఏడ్చి, కోపం పట్టలేక, తన కళ్ళు తనే పీకి నలిపి ఆకాశంలోకి విసిరేశాడు. అవే ఆ చుక్కల గుంపు. అవి తెల్లవారుజామున మళ్ళీ కనబడితే వాళ్ళకి కొత్త సంవత్సరం. ఏ చుక్కలా అని చూస్తే, మన కృత్తికలే! అమ్మ ఊళ్ళో పిల్లలకోడి అంటారట. ఈ నెలకి పేరు వాటి వల్లే వచ్చింది. ఇదంతా బుజ్జికి చెప్పాలని పరుగెత్తి మెట్లెక్కి, సగంలో ఆగాను.

నవంబర్ 14

ప్రెజెంటేషన్ అయింది. అందరూ చప్పట్లు కొట్టారు. తలకిందులుగా ఉన్న చెట్టు బొమ్మ వేసి చూపించాను. ఆ వాక్యం మాత్రం తీసేశాను. అక్కడికి వచ్చేసరికి ఆగి నీళ్ళు తాగాను.

మిసెస్ హోల్ట్ చివర్న ఒక ప్రశ్న అడిగారు. "మొత్తం తానే వైపు నుంచి చెప్పావు. బాగా చెప్పావు. విడదీశాక వెలుగు వచ్చిందన్నావు. పిల్లలు సంతోషించారని ఎక్కడైనా చదివావా?"

చూసి చెప్తానన్నాను.

ఇంటికి వచ్చి వెతుకుతున్నాను. వెలుగు గురించి ఉంది. యుద్ధం గురించి ఉంది. తండ్రి కన్నీళ్ళు వాన, తల్లి నిట్టూర్పు పొగమంచు అని ఉంది. సంతోషం... ఇంకా దొరకలేదు. ఒక పుస్తకం మిగిలి ఉంది. తెరవబుద్ధి కావడం లేదు.

నవంబర్ 17

వెళ్ళిపోయారు. నాన్నవి రెండు సూట్‌కేసులు. బుజ్జిది స్కూలు బ్యాగు, ఇంకో చిన్న సంచి — "థాంక్స్‌గివింగ్ సెలవులయ్యాక వచ్చెయ్యాలి, టికెట్ ఉంది" అని అమ్మ. "చూద్దాం" అని బుజ్జి, పెద్దవాళ్ళలాగా.

నాన్న నా తల మీద చేయి వేశాడు. "ఇదంతా నీ వల్ల కాదమ్మా" అన్నాడు. ఆ మాట అన్నాడంటేనే...

టాక్సీ వీధి చివర తిరిగేదాకా అమ్మ చెయ్యి ఊపుతూనే ఉంది. ఎవరికో తెలియదు. బుజ్జికే అనుకుంటాను.

నవంబర్ 22

థాంక్స్‌గివింగ్. రమ ఆంటీ పిలిచింది, వెళ్ళలేదు. వీధంతా కార్లు, ఎదురింట్లో నవ్వులు.

మధ్యాహ్నం నుంచి అమ్మ మంచం మీద బోర్లా పడుకుని ఉంది. నిద్ర కాదు. మొహం దిండులో. టీ పెట్టి తీసుకెళ్ళాను. "అక్కడ పెట్టు." చల్లారిపోయింది.

ఆ మిగిలిన పుస్తకం తెరిచాను. తెరవకుండా ఉండాల్సింది. విడిపోయాక కూడా ఇద్దరూ ఒకరినొకరు చూసుకుని ఏడుస్తూనే ఉన్నారట. లోకమంతా నీళ్ళే. చూడలేక పిల్లలు తల్లిని బోర్లా తిప్పేశారు — ఆమెకి ఆయన మొహం కనపడకూడదని. జాలితోనే. అప్పటికి అందరికంటే చిన్న బిడ్డ ఇంకా ఆమె రొమ్ము దగ్గరే ఉంది. తిప్పినప్పుడు ఆ బిడ్డ కూడా కిందికి వెళ్ళిపోయింది. అది కదిలినప్పుడల్లా భూమి అదురుతుందట.

కానీ మా చిన్నది అమ్మ దగ్గర లేదు. ఏదీ సరిగ్గా సరిపోదు. నేనే అన్నిటినీ పట్టుకొచ్చి అతికిస్తున్నాను. అమ్మ పాపా కాదు. ఆవిడ పేరు పద్మ. జువాలజీ లెక్చరర్. నడుం నొప్పి ఉంది. రెండు గంటలు మంచం అంచున కూర్చుని వీపు రాశాను. ఏమీ అనలేదు నేను. ఒక్క మాట కూడా.

సాయంత్రం లేచి, "ఉప్మా చెయ్యనా?" అంది.

నవంబర్ 24

పున్నమి. అమ్మ ఉపవాసం. దీపం ట్రే ముందు కూర్చున్నప్పుడు ఫోన్ మోగింది. నాన్న.

"బుజ్జి ఎలా ఉందండీ?" అమ్మే ఎత్తి, అమ్మే అడిగింది. మా మధ్యవర్తిత్వం లేకుండా. మెల్లగా మాట్లాడుకున్నారు. పన్నెండు వందల మైళ్ళ దూరంలో మర్యాదగా ఉన్నారు.

"ఇక్కడ స్కూల్ చూపించా. పక్క అపార్ట్‌మెంట్‌లో తెలుగువాళ్ళ పాప ఉంది, ఫ్రెండయింది. ఉండిపోతానంటే ఉండనిద్దాం, వస్తానంటే రానిద్దాం. నేనేం అడగలేదు పద్మా. రేపు వచ్చి తనే చెప్తుంది నీకు."

"చిన్నపిల్లని తేల్చుకోమంటారా?"

"మనం తేల్చుకోలేకేగా, ఇంకో పిల్ల తేల్చింది."

స్పీకర్ ఆన్‌లో ఉందని నాన్నకి తెలియదు. అమ్మ చప్పున నొక్కి ఆపేసింది. నా వైపు చూడకుండా ఒత్తి సరిచేసింది. ఇంకొంచెం నూనె పోసి —

"ఆ రోజు నువ్వన్నది తప్పని నేననను" అంది. "కానీ నన్ను ముందు ఒంటరిగా అడిగి ఉండాల్సింది. అందరి ముందూ కాదు."

అడగలేదు. అమ్మనీ అడగలేదు, బుజ్జినీ అడగలేదు.

నవంబర్ 25

ఎయిర్‌పోర్ట్. బెంచీ మీద కూర్చుని రాస్తున్నాను.

అమ్మ ఇంతవరకూ హైవే ఎక్కలేదు. ఇవాళ ఎక్కింది. స్టీరింగ్ పట్టుకున్న వేళ్ళు తెల్లగా అయిపోయాయి. "నువ్వేం మాట్లాడకు" అంది. నేను మాట్లాడలేదు. ఎగ్జిట్ దాటిపోయి, ముందుకు వెళ్ళి, తిరిగి వచ్చాం. తిట్టుకోలేదు ఎవరినీ.

ఒంటరిగా వచ్చే పిల్లల్ని గేట్ దగ్గరకి వెళ్ళి తీసుకోవాలి. ఒక్కరికే పాస్ ఇస్తారట. అమ్మ వెళ్ళింది. నేను అద్దాలకి ఇవతల.

డాలస్ ఫ్లైట్ దిగిందని బోర్డు మీద పడింది.

బుజ్జి అడిగితే ఏం చెప్పాలి... లేదు. ఏ వాక్యమూ తయారు చేసుకోను. అది ఏమంటే అది వింటాను. ఉండిపోతానన్నా, వెళ్ళిపోతానన్నా. వెళ్ళిపోతానంటే అమ్మ ఎలా తిరిగి డ్రైవ్ చేస్తుందో తెలియదు.

జనం వస్తున్నారు. సూట్‌కేసుల చక్రాలు. ఎవరో పూలు పట్టుకుని.

వస్తున్నారు. ఇద్దరూ. బుజ్జి కొత్త జాకెట్ వేసుకుంది, ఎరుపుది. అమ్మ చెయ్యి పట్టుకుందో లేదో ఇక్కణ్ణుంచి కనపడటం లేదు, మధ్యలో ఒకాయన అడ్డం. తల పైకెత్తి అమ్మతో ఏదో చెబుతోంది. చాలా చెబుతోంది. ఒక్కటీ వినపడదు.

అమ్మ నడవడం ఆపేసింది.